పట్టణము పొలిమేర దాటి వచ్చునప్పుడు

గత వేసవిలో జనగామకు సమీపముననున్న ఒక గ్రామమున చెఱువు పూడికమట్టిని గూర్చి రైతులతో మాటలాడుచుంటిని. చెఱువు ఎండియున్నది. అడుగున నల్లని ఒండ్రు పలకలువాఱి, చేతబట్టిన వెన్నవలె నలుగుచున్నది. ఈ మట్టిని చెలక భూములకు తోలించినచో ఎఱ్ఱనేలకు నీటిని పట్టియుంచు శక్తి హెచ్చుననియు, వానలు రెండు వారములు వెనుదీసినను పత్తిచేను వెంటనే వాడదనియు, ఒక యేటి బండికూలి మూడు నాలుగేండ్లవఱకు ఫలమిచ్చుననియు నేను చెప్పుచుండగా, వెనుక వరుసలో కూర్చున్న ఒక పెద్దరైతు లేచి, "సారూ, మా ఊరు టౌన్ల కలుస్తదంటున్నరు. ప్లాట్లయ్యే భూమికి మట్టెందుకు?" అని యడిగెను. నలుగురును నవ్విరి. నేనును నవ్వితిని గాని నాకు వెంటనే తగిన బదులు తోచలేదు. ఇరువది సంవత్సరములుగా చీడపురుగును గూర్చియు, విత్తనశుద్ధిని గూర్చియు అడిగిన ప్రశ్నలకెల్ల ఏదో యొక సమాధానము చెప్పుచు వచ్చిన నాకు ఈ ప్రశ్న క్రొత్తది.

ఇది ఆ యొక్క గ్రామపు ప్రశ్న కాదు. 2016 అక్టోబరు 11వ తేదీన జనగామయు, మహబూబాబాదును, జయశంకర్ భూపాలపల్లియు జిల్లాలైనవి. కలెక్టరు కచేరీలు వచ్చినవి. వాని చుట్టును రోడ్లు వెడల్పయ్యెను. ఆ రోడ్లకిరువైపుల మొక్కజొన్న కోసిన చేలలో మఱుసటి పంటకు మాఱుగా తెల్లసున్నము పూసిన రాళ్లు మొలచుట మీరందఱు చూచినదే. భూపాలపల్లిలో బొగ్గుగనులును, చెల్పూరువద్ద కాకతీయ తాప విద్యుత్కేంద్రమును ఇదివఱకే పల్లెల రూపు మార్చియుండెను. మానుకోటవైపు మిరపతోటలవారు సైతము నేడు గజము లెక్కన మాటలాడుచున్నారు. భూమిని ఎకరములలోను గుంటలలోను కొలుచుట మాని గజములలో కొలుచుట ఆరంభమైననాడే ఆ భూమికి ఎరువు వేయువాడు తగ్గిపోవును. గట్టు తెగినను కట్టడు, పూడిక తోలడు, చెట్టు నాటడు. పట్టణము రాకమునుపే భూమి బీడగును. పట్టణము రానేరాక పోయినచో ఆ బీడే మిగులును. నా భయము మొదట ఇది.

ఈ పుకార్లన్నియు గాలిమాటలని త్రోసివేయుటకును వీలులేదు. 2022లో వరంగల్లు బాహ్యవలయ రహదారి వెంబడి భూసమీకరణ చేయుటకై కాకతీయ పట్టణాభివృద్ధి సంస్థ యొక ప్రతిపాదన చేసెను. వరంగల్లు, హనుమకొండ, జనగామ జిల్లాలలోని 27 గ్రామములలో 21,000 ఎకరములకు పైబడిన భూమి దానిలో చేరియుండెను. రైతులు రహదారులపై కూర్చుండిరి. మే నెలలో ప్రభుత్వము ఆ ప్రతిపాదనను విరమించుకొనెను. విరమించుటతో మనవారు విజయమని యిండ్లకు పోయిరి. మంచిదే. కాని ఆ భూమిని ఏ నిబంధనలపై అడిగిరో, దానికి బదులుగా ఏమిచ్చెదమనిరో, ఇప్పుడు మన సంఘముల కార్యవర్గములలో ఎంతమందికి తెలియును? తిరుగుబాటు చేయుటకు మూడు వారములు చాలినవి. పత్రము చదువుటకు మాత్రము మనకు తీరిక దొరకలేదు. ఆ రహదారి అక్కడనే యున్నది. నగరము పెరుగుట ఆగలేదు. ఆ ప్రతిపాదన మఱియొక పేరుతో మరల రాదని ఎవరు చెప్పగలరు?

మిషను పాఠశాలలో నేను చదివిన ఇంగ్లీషు వాచకములలో ఇంగ్లండు పల్లె బొమ్మ యొకటి యుండెడిది. పూరికప్పు ఇండ్లు, నడుమ పచ్చికబయలు, బాతులు తిరుగు చిన్న కుంట, ఒక దేవాలయ గోపురము. ఆ పల్లెలు ఎల్లకాలము అట్లే యుండునని బాల్యమున అనుకొంటిని. పిమ్మట తెలిసినది, అట్టి పల్లెలు అనేకములు క్రొత్త పట్టణములలో కలిసిపోయినవని. అవి కలిసిన విధము మనకు ఉపయోగించును గనుక కొంచెము విపులముగా చెప్పెదను.

లండను పార్లమెంటులో ప్రసంగములను సంకేతలిపిలో వ్రాసికొను ఉద్యోగము చేయుచుండిన ఎబనీజర్ హోవర్డు అను సామాన్యుడు 1898లో ఒక పుస్తకము ప్రకటించెను. ఆయన వాదము సంగ్రహముగా ఇట్లున్నది. పొలము పొలముగా ఉన్నంతకాలము దాని వెల తక్కువ. అచ్చటికి పదివేలమంది వచ్చి యిండ్లు కట్టుకొన్నచో అదే నేల వెల పదింతలు, నూఱింతలు అగును. ఆ పెరిగిన వెలను సృష్టించినది ఎవరు? భూమి కొని తాళము వేసి కూర్చున్న వర్తకుడు కాదు. అక్కడ చేరి బ్రదుకుచున్న జనులందఱును. కావున ఆ పెరుగుదల వారికే చెందవలెను. అందుకు భూమి విడివిడిగా అమ్ముడుపోక ఒకే సంస్థ చేతిలో నుండి, అద్దె రూపమున వచ్చినది పాఠశాలలకును, వైద్యశాలలకును, తోటలకును వ్యయము కావలెను. మాటలతో సరిపెట్టక 1903లో ఆయన అనుయాయులు ఒక కంపెనీ స్థాపించి లెచ్‌వర్తు అనుచోట సుమారు 3,800 ఎకరములు కొనిరి. లెచ్‌వర్తు, నార్టన్, విల్లియన్ అను మూడు పాతపల్లెలు దానిలో చేరిపోయినవి. వాటాదారులకు నూటికి 5 మించి లాభము పంచరాదని కట్టుబాటు చేసికొనిరి. మన సహకార సంఘములలో డివిడెండుకు హద్దు పెట్టుట ఎందుకని అడుగు సభ్యులు దీనిని గమనింపవలెను.

కట్టుబాటులు కాగితముపై నుండును, ఆశ మనుష్యులలో నుండును. 1960 ప్రాంతమున పెట్టుబడిదారులు కొందఱు ఆ కంపెనీ వాటాలు కొనివేసి పట్టణమునంతటిని వశము చేసికొనజూచిరి. పట్టణవాసులు మేల్కొని పార్లమెంటును ఆశ్రయించగా 1962లో ప్రత్యేక చట్టమే చేయవలసి వచ్చెను. 1995 నుండి ఆ భూమి యొక ధర్మసంస్థ చేతిలో నున్నది. అద్దెలపై మిగిలినది నేటికిని ఆ యూరికే ఖర్చగుచున్నది. నూట ఇరువది యేండ్లు దాటినను ఆ ఏర్పాటు నిలిచియున్నదనగా అది కేవలము స్వప్నము కాదనుట స్పష్టము.

రెండవ ఉదాహరణము మిల్టన్ కీన్స్. 1967లో ఇంగ్లండు ప్రభుత్వము సుమారు 22,000 ఎకరములను క్రొత్త నగరమునకై నిర్ణయించెను. మూడు చిన్న పట్టణములును, పదికి పైబడిన పల్లెలును దానిలో చిక్కినవి. వానిలో మిల్టన్ కీన్స్ అను చిన్న పల్లె పేరును నగరమంతటికిని పెట్టిరి. తుదకు అసలు పల్లె తన పేరు తాను చెప్పుకొనుటకు వెనుక 'విలేజి' అను మాటను తగిలించుకొనవలసి వచ్చినది! అయినను ఒక మేలు జరిగినది. పాతపల్లెల నడిబొడ్డులను పడగొట్టలేదు. కిలోమీటరు కొకటిగా గళ్లరోడ్లు వేసి, ఆ గళ్లలో పాత దేవాలయమును, పూరికప్పు ఇండ్లను, పచ్చికబయలును ఉన్నచోటనే ఉంచిరి. 1992లో నగరనిర్మాణ సంస్థ మూతపడునప్పుడు తోటలను, చెఱువులను ఒక ప్రత్యేక ధర్మసంస్థకు అప్పగించి, వాని పోషణమునకై అద్దెలు వచ్చు ఆస్తులను సైతము దానికి వ్రాసియిచ్చిరి. చెఱువును కాపాడుడని తీర్మానము చేయుట వేఱు, చెఱువుకు జీతము ఏర్పరచుట వేఱు. మనము మొదటిది చేయుచున్నాము.

ఒక భేదము మఱువరాదు. ఇంగ్లండులో ఆ భూములు అధికభాగము పెద్ద భూస్వాములవి, దున్నువాడు కౌలుదారుడు. పట్టణము వచ్చినప్పుడు భూస్వామికి సొమ్ము ముట్టినది, కౌలుదారుడు నాగలి నెత్తుకొని వెడలిపోయెను. ఇచ్చట పట్టా రైతు చేతనున్నది. ఆ పట్టా ఊరక వచ్చినది కాదని జనగామ సీమవారికి నేను చెప్పనేల? 1946 జూలై 4న కడివెండిలో దొడ్డి కొమరయ్య పడిపోయిన నేల ఇది. పాలకుర్తిలో చాకలి ఐలమ్మ తన నాలుగెకరముల పంట గడపదాటి దొరవారింటికి పోకుండ అడ్డుపడిన నేల ఇది. కావున మన రైతు ఇంగ్లండు కౌలుదారునివలె వెడలిపోవలసిన పనిలేదు. బల్లకు ఎదురుగా కుర్చీ వేసికొని కూర్చుండవచ్చును. కాని మన యూళ్లలోను కౌలుదారులు కలరు. వారి సంగతి ముందు చెప్పెదను.

మన తెలుగుదేశములోనే ఇట్టి పని యొకటి మహాప్రమాణమున జరిగినది గదా. అమరావతి. 2014 జూన్ 2న రాష్ట్రము విడిపోయిన పిమ్మట ఆంధ్రప్రదేశ ప్రభుత్వము కృష్ణ దక్షిణపుటొడ్డున తుళ్లూరు, మందడము, వెలగపూడి, ఉద్దండరాయునిపాలెము, నేలపాడు మున్నగు 29 గ్రామములను రాజధానిగా నిర్ణయించి, భూమిని కొనక, సమీకరణ పద్ధతిని అవలంబించెను. 2015లో 33,000 ఎకరములకు పైగా రైతులు అప్పగించిరి. నిబంధనలను మన గుంటలలోనికి మార్చి చూతము. మెట్ట యెకరము నిచ్చినవానికి 1,000 గజముల నివాసస్థలమును, 250 గజముల వ్యాపారస్థలమును. మొత్తము 1,250 గజములు. గుంటకు 121 గజములు గదా. అనగా 40 గుంటలిచ్చినవానికి పదిగుంటల పైని ఇంచుక తిరిగివచ్చును. జరీబు భూమికి 1,450 గజములు, అనగా దాదాపు 12 గుంటలు. తక్కినది రోడ్లకు, తోటలకు, కచేరీలకు, ప్రభుత్వమునకు. దీనితోబాటు పదేండ్లపాటు ఎకరమునకు కౌలు: మెట్టకు ఏడాదికి 30,000 రూపాయలు, జరీబుకు 50,000, ఏటేట పదవవంతు పెంపు.

ముప్పది గుంటలు పోవుటయు అన్యాయమేనని కొందఱు వెంటనే కోపించెదరు. నా మతమున అట్లు తొందరపడి చెప్పరాదు. పొలములో నలుబది గుంటల వెలకంటె నగరములో పదిగుంటల వెల హెచ్చు కావచ్చును. కాని ఈ వాక్యములోని బరువంతయు 'నగరములో' అను మాటపై నున్నది. నగరము వచ్చినచో. 2015 అక్టోబరు 22న ప్రధానమంత్రి ఉద్దండరాయునిపాలెములో శంకుస్థాపన చేసెను. 2016 నుండి వెలగపూడిలో సచివాలయము, 2019లో నేలపాడులో హైకోర్టు పనిచేయసాగెను. 2019 డిసెంబరులో మూడు రాజధానుల మాట పుట్టెను. రైతులు శిబిరములు వేసికొని కూర్చుండిరి. 2020లో చట్టములు మాఱెను, 2021 నవంబరులో ఆ చట్టములను వెనుకకు తీసికొనిరి. 2022 మార్చి 3న హైకోర్టు ప్రభుత్వము రైతులతో చేసికొన్న ఒడంబడికకు కట్టుబడవలసినదేయని తీర్పు చెప్పెను. దానిలోని గడువులపై సుప్రీముకోర్టు స్టే ఇచ్చెను. 2024లో ప్రభుత్వము మరల మాఱెను. 2025 మే 2న ప్రధానమంత్రి వచ్చి పనులను రెండవమాఱు ఆరంభించెను. ఇన్ని యేండ్లు ఆ భూమి యేమైనది? తుమ్మ మొలచినది. చిట్టడవి కొట్టించుటకే 2024లో ప్రత్యేకముగా పని పెట్టవలసి వచ్చెను. వ్యవసాయశాఖవారి కన్నులతో చూచినచో అంతకంటె బాధాకరమైన దృశ్యము వేఱొకటి యుండదు; ఏలయనగా ఏటియొడ్డున నున్న ఆ జరీబు నేలలు అరటి, పసుపు, కూరగాయలు, పూలతోటలు ఏడాది పొడుగునను పండు నేలలు. పెనుమాక, ఉండవల్లి వైపు రైతులు అనేకులు భూమి నీయమనిరన్నచో దానికి రాజకీయము మాత్రమే కారణము కాదు. చేయి పెట్టిన చోటెల్ల నీరున్న భూమిని వదలువాడెవడు?

అక్కడి రైతును రక్షించినది ఏది? ఉద్యమము, నిజమే. అయితే న్యాయస్థానమున నిలబడినది మాత్రము ఒడంబడిక పత్రము. ఆ యొక్క కాగితము లేనిచో హైకోర్టువారు దేనినిబట్టి తీర్పు చెప్పియుందురు? కాగితముపై ఇంత నమ్మకముంచుట మిషను బడి పంతుళ్ల అలవాటని మీరు పరిహసింపవచ్చును. కానిండు.

ఇక కాగితములో లేనివారిని గూర్చి. అమరావతిలో భూమిలేని కూలి కుటుంబములకు పదేండ్లు నెలకు 2,500 రూపాయల పింఛను ఏర్పాటు చేసిరి. దానిని తక్కువ చేసి చెప్పను. అట్టి ఏర్పాటు గలుగుటయే విశేషము. అయినను కలుపుతీయుటకు పోయిన ఆడుకూలి ఏడాదిలో ఎన్ని దినములు పనిచేసెడిదో, దినమునకెంత తెచ్చెడిదో లెక్కవేసినచో ఆ పింఛను చాలదనుట తెలియును. అసైన్డ్ భూములవారికి, వారిలో దళితులే హెచ్చు, తొలుత పట్టాభూమికంటె తక్కువ వాటా చూపిరి. ఒకే గట్టుకు అటు ఒక రేటు, ఇటు ఒక రేటు. పైరుకు మాత్రము ఆ భేదము తెలియదు. కౌలుదారుని పేరు పాసుబుక్కులో లేదు గనుక అతడు ఎచ్చటను లేడు.

మన పల్లెలలో ఇంతకంటె సూక్ష్మమైన హక్కులున్నవి. గట్లపై తాటిచెట్లు గౌడులవి. చెట్టెక్కు హక్కు వారిది, నేల రైతుది. ప్లాట్ల పటములో తాటిచెట్టు ఒక చుక్క మాత్రమే. గొల్లకురుమల మందలు కోతలైన చేలలో తిరిగి ఎరువు వేసి పోవును. ఆ దారులు ఏ నక్షాలోను లేవు. చాకలివారికి చెఱువురేవు కలదు. బతుకమ్మను వదలు గట్టు, పీర్లు పోవు వీథి, శ్మశానము, బొడ్రాయి ఇవన్నియు ఊరు ఊరుగా నుండుటకు కావలసినవే. అమరావతిలో గ్రామకంఠములను సమీకరణనుండి మినహాయించిరి. ఇండ్లు ఉన్నచోటనే యుండెను. అది యుక్తమైన పని. కాని ఊరు అనగా ఇండ్లు మాత్రమే కాదని నేననుకొందును. ఇండ్లుంచి పొలము, చెఱువు, బంచరాయి తీసివేసినచో మిగులునది గ్రామము కాదు, నగరమధ్యమున ఇరుకువీథుల పేట. నలుదిక్కుల రోడ్లు ఎత్తుగా వేయుదురు గనుక వానకాలమున నీరంతయు ఆ పేటలోనికే దిగును.

మాదాపురము పూర్వము గ్రామమేనని నేటి పిల్లలకు చెప్పినచో నమ్మరు. 1998లో సైబర్ టవర్సు కట్టిన పిమ్మట చుట్టుపట్ల పొలములన్నియు అద్దాలమేడలైనవి. అచ్చట ఏ సమీకరణయు లేదు, ఒడంబడికయు లేదు. ఎవరికి వారు అమ్మిరి, ముందు అమ్మినవాడు తక్కువకు, వెనుక అమ్మినవాడు ఎక్కువకు. దుర్గము చెఱువు కుతుబుషాహీల కాలమున గోలకొండకు నీరిచ్చిన చెఱువు. నేడు దానిమీద తీగల వంతెన యున్నది, దీపములు వెలుగును, జనులు పోయి ఛాయాచిత్రములు తీసికొందురు. ఆ నీరు త్రాగుటకు మాత్రము పనికిరాదు. జనగామ చుట్టుపట్ల కాకతీయులనాటి గొలుసుకట్టు చెఱువుల ప్రక్కన శిఖము భూమిని ప్లాటుగా చూచువారికి ఆ యొడ్డున నిలబడి ఒక్కమాఱు గాలి పీల్చుడని చెప్పవలెనని యుండును.

నా సొంతయింటి సంగతియు దాచను. పదేండ్లక్రిందట మా అన్నగారు ఎకరమున్నర చెలక అమ్మివేసిరి. నేను వలదనలేదు. బిడ్డ పెండ్లి, పాత అప్పు, రెండును తీరినవి. కొన్నవారు రాళ్లు పాతి రంగులు వేసిరి, ఒక ద్వారము కట్టిరి, తరువాత ఎవరును రాలేదు. నేడు అందులో వయ్యారిభామ మొలచి చుట్టుపట్ల చేలకు విత్తనము చల్లుచున్నది. కలుపు నివారణను గూర్చి ఉపన్యాసములిచ్చు నేను ఆ దారిన పోవునప్పుడు తల త్రిప్పుకొనుచున్నాను.

ఇట్లు చెప్పుటచే పట్టణమే వలదని నా మతమని తలంపకుడు. తండ్రులనుండి వచ్చిన నేల గనుక రాజడిగినను ఈయనన్న నాబోతు కథను నేను పిల్లనాట వింటిని. అతని యందు నాకు గౌరవమున్నది. కాని అతడు ఒంటరిగా నిలిచెను గనుకనే పడిపోయెను. ఊరిపెద్దలు రాజుపక్షము చేరిరి. మన పిల్లలు చదివి పట్టణముననే ఉద్యోగములు వెదకుచున్నారు. ఆసుపత్రి దగ్గఱగా వచ్చిన ఎవరు వలదందురు? పట్టణము వచ్చునెడల అది మనతో ఒప్పందము చేసికొని రావలెనని మాత్రమే నా వాదము. ఒక్కొక్క రైతు విడివిడిగా దళారితో చేయునది ఒప్పందము కాదు, లొంగుబాటు.

పూనా నగరమునకు చేరువగా హడప్సరువద్ద మగర్‌పట్టా అను చోటు కలదు. నగరము పైబడి వచ్చుచున్నదని గ్రహించి సుమారు 120 రైతు కుటుంబములు 400 ఎకరములకు పైగా నున్న తమ భూమిని ఎవరికిని అమ్మక ఒకటిగా చేర్చి తామే ఒక కంపెనీ పెట్టుకొనిరి. సతీశ్ మగర్ అను వ్యవసాయ కుటుంబీకుడు దానికి నాయకుడు. ఎవరి భూమి యెంతయో వారికంత వాటా. ఇండ్లు అమ్మిన లాభము, కచేరీ భవనముల అద్దె, రెండును వాటాల వెంబడి రైతులకే చేరును. నిర్మాణపు పనులలో గుత్తలు సైతము రైతుబిడ్డలు పట్టిరి. వారిలో అనేకులు ఒకే ఇంటిపేరువారు, పాలివారు. కావున ఐకమత్యము సులభమైనదని చెప్పవచ్చును. నిజమే. మన యూళ్లలో పాలివారే గట్టు దగ్గఱ కొట్టుకొందురను మాటయు నిజమే.

సంఘము చేతికి భూమి అప్పగించుటా, ఎరువుల బస్తాల లెక్కయే సరిగా చెప్పలేని సంఘమునకా, అని మీరడుగుట నాకు వినబడుచున్నది. ఈ సందేహమునకు మూలము లేకపోలేదు. ఎన్నికల తగవులు, మొండిబాకీలు, మహాజనసభలు కోరములేక వాయిదాపడుట, అన్నియు చూచినవాడను. నేను అప్పగింపుమనుట లేదు. పట్టా ఎవరిది వారియొద్దనే యుండుగాక. సంఘము చేయదగినది మొదట తెలిసికొనుట, పిమ్మట ఒక్కగొంతుతో అడుగుట. సమీకరణకు ఒప్పుకొనవలసి వచ్చిననాడు వ్యాపారస్థలపు వాటాను మాత్రము ముక్కలుగా పంచుకొనక, ఒకేచోట కూర్చి, 1964 నాటి సహకార చట్టము క్రిందనో, వేఱొక యేర్పాటు క్రిందనో ఉమ్మడిగా నుంచి అద్దెకిచ్చి, వచ్చినది వాటాలవారీగా పంచవచ్చును. 250 గజముల ముక్కను ఒకడు అమ్ముకొని మూడేండ్లలో ఖర్చుచేయును. నూఱుమంది ముక్కలు ఒకచోట చేరినచో అయిదెకరముల బజారగును. దానిని మనుమలు తినవచ్చును. అందులో కొంత అంశము కౌలుదారులకు, తాటిచెట్లవారికి, కూలికుటుంబములకు ముందే వ్రాయవలెను. లేనిచో ఈ ఉమ్మడి మాటను నేను సమర్థింపను.

ఇంకొక చేదు సంగతి. సమీకరణ కాక సేకరణయే చేసినచో, 2014 జనవరి 1 నుండి అమలులోనున్న 2013 నాటి కేంద్రచట్టము ప్రకారము పల్లె భూములకు బజారు ధరను రాష్ట్రము నిర్ణయించిన గుణకముతో హెచ్చించి, దానిపై మరల నూటికి నూఱు సొలేషియము ఈయవలెను. వినుటకు గొప్పగా నున్నది. కాని ఆ బజారు ధరను తేల్చునది రిజిస్టరైన దస్తావేజులు. మనము ముప్పది లక్షలకు కొన్న భూమిని స్టాంపుఖర్చు తగ్గునని అయిదు లక్షలకు వ్రాయించుకొందుము. రేపు ప్రభుత్వము ఆ అయిదు లక్షలే చూపును. అప్పుడు ఎవరిని తిట్టుదుము? రెండుపంటలు పండు నీటిపారుదల భూమిని వేఱు మార్గము లేనప్పుడే తీసికొనవలెననియు ఆ చట్టములోనే యున్నది; కాని మన భూమి రెండుపంటల భూమియని చూపుటకు కాగితములు కావలెను గదా. బోరు క్రింద వరి పండుచున్న మడి నేటికిని దస్త్రములో ఖుష్కిగానే యుండు ఊళ్లు నాకు తెలియును. ధరణి పోయి 2025లో భూభారతి వచ్చినది. తప్పులు దిద్దించుకొనుటకు ఇదియే సమయము.

పూడికమట్టిని గూర్చి యడిగిన ఆ పెద్దమనిషికి నేను ఇప్పుడు బదులు చెప్పెదను. అయ్యా, మట్టి తోలించుము. నీ యూరు పట్టణములో కలియునో కలియదో నాకు తెలియదు, నీకును తెలియదు. అమరావతి రైతు పదేండ్లలో మూడు ప్రభుత్వములను చూచెను. పదేండ్లు బీడుపెట్టి కాచుకొనుటకు నీకు శక్తి కలదా? పండుచున్న భూమికి బేరమున బలముండును. బీడుభూమిని చూచి దళారి మొదటి మాటగా నీకెట్లును పంట లేదు గదా యనును. రెండు కార్లు పండిన భూమియని వ్రాయించుకొనుటకు మొదట రెండు కార్లు పండింపవలెను.

వచ్చు మాసపు సంఘసమావేశమునకు నేను గ్రామపు నక్షా ప్రతిని తీసికొని వచ్చెదను. సభ్యులు తమ పాసుబుక్కులతో వచ్చి తమ సర్వే నంబరులలో తరి ఏదో ఖుష్కి ఏదో సరిచూచుకొనవలెను. శిఖము, బంచరాయి, బండ్లదారులు, గొఱ్ఱెలదారులు, రేవులు, తాటివనములు ఆ నక్షాపై రంగుపెన్సిలుతో గుర్తించుదము. పట్టాలేని కౌలుదారులను, గౌడులను, గొల్లకురుమలను సభ్యులు కాకపోయినను పిలిపింపుడు. నక్షా విప్పునప్పుడు వారు ప్రక్కన లేనిచో సగము గుర్తులు తప్పిపోవును. సంఘము గోడౌనులో వెలుతురు చాలదు గనుక పాఠశాల వరండాలో కూర్చుందము. పంతులుగారితో మాటలాడియున్నాను.